సగం సాక్ష్యం

ఫోను మోగినప్పుడు సారమ్మ రెండు చేతులూ శనగపిండిలో ఉన్నాయి.

“స్వప్నా, జర సూడు బిడ్డా, మీ నాయిన ఫోను. ఆయనైతే ఎత్తడు. అది మొత్తుకొని మొత్తుకొని ఊకోవాల్సిందే.”

మంచం మీద గోడకు ఆనుకుని కూర్చున్న దానియేలుకు ఆ మాట వినబడింది. చేయి చాపితే అందేంత దూరంలోనే ఉంది ఫోను. చాపాలనిపించలేదు. పక్కటెముకల చుట్టూ కట్టిన పట్టీ కింద చెమటకు జిల పుడుతోంది. గోక్కోవడానికి కూడా ఓపిక లేదు.

స్వప్న ఎత్తి స్పీకర్లో పెట్టింది. అవతల కోదాడ నుంచి నవీన్, ఎడ్ల యజమాని ప్రభాకర్ రెడ్డి కొడుకు. పరుగెత్తి వచ్చినవాడిలా రొప్పుతున్నాడు, మధ్యమధ్యలో నవ్వుతున్నాడు.

“లేచాడు స్వప్నా! సోముడు లేచాడు! నాలుగు కాళ్ల మీద నిలబడ్డాడు. మీ నాన్నకి చెప్పు!”

“స్తోత్రం!” అని సారమ్మ పిండిచేతులు అట్లాగే పైకెత్తింది. ఒక చుక్క ఆమె నుదుటి మీద పడింది. రెండు చుక్కలు వెళ్లి అల్లుడు జోసెఫ్ ఇస్త్రీ చొక్కా మీద పడ్డాయి. జోసెఫ్ వాటిని చూసుకుని, అత్తను చూసి, నవ్వేశాడు. అతని నవ్వు చూసి స్వప్న, స్వప్నను చూసి మళ్లీ సారమ్మ.

మిర్యాలగూడ పందెం జరిగిన రోజు నుంచి ఈ కుటుంబంలో ఎవరూ అంత గట్టిగా నవ్వింది లేదు. ఆ రోజు బండలాగుడు పోటీలో ప్రభాకర్ రెడ్డి జత అందరికంటే ముందుంది. బరి చివర మలుపు దగ్గర, జతలో కుడివైపు కట్టే సోముడు ఉన్నట్టుండి కుప్పకూలాడు. తోలుతున్న దానియేలు కాడి కింద చిక్కాడు. ఎద్దును లారీలో కోదాడకు, మనిషిని అంబులెన్సులో సూర్యాపేట దవాఖానకు తీసుకుపోయారు. ఎద్దు ఇక లేవకపోవచ్చని పశువుల డాక్టరు అన్నాడు. ఈ మనిషి ఇక బరిలోకి దిగొద్దని ఇక్కడి డాక్టరు అన్నాడు. దవాఖానకు దగ్గరని దానియేలును కూతురు అద్దెకుంటున్న ఈ ఇంట్లో పడుకోబెట్టారు. మధ్యలో ఒక్క పోయిన ఆదివారం మాత్రం, ఆటో మాట్లాడుకుని మోతె దగ్గరి సొంతూరికి పోయి వచ్చారు. సాక్ష్యం చెప్పడానికి.

వాళ్ల సంఘంలో అది ఆనవాయితీ. చావు అంచు దాకా పోయి వచ్చినవాడు చర్చిలో అందరి ముందూ నిలబడి దేవుడు తనను ఎట్లా కాపాడాడో చెప్పాలి, ఇకముందు ఎట్లా బతుకుతాడో మాట ఇవ్వాలి. “ఎద్దు కాళ్ల కింది నుంచి దేవుడు నన్ను లేపిండు. ఇగ బరిలకు దిగ” అన్నాడు దానియేలు. సంఘమంతా ఆమెన్ అన్నది. అప్పటి నుంచి అది మొగుడూపెళ్లాల మధ్య మాట కాదు, సంఘానికిచ్చిన మాట.

“ఎట్ల లేసిండు?” అని స్వప్న అడుగుతోంది ఫోన్లో.

“అదే విడ్డూరం! పాకలో వాడి పక్కనే కూర్చుని పోయినేడు హుజూర్‌నగర్ పందెం వీడియో చూస్తున్నా. అందులో మీ నాన్న ‘పా నాయినా, పా’ అన్నాడు చూడు, వీడు చెవులు నిక్కబొడిచాడు. సౌండు పెంచి మళ్లీ పెట్టా. మోకాళ్ల మీదకొచ్చాడు. ఇంకోసారి పెట్టా. ఒక్క ఊపున లేచేశాడు! లేచి అట్లాగే పాక గుమ్మం వైపు చూస్తున్నాడు, ఎవరో వస్తారన్నట్టు.”

ఫోను పెట్టేశాక కూడా ఆ ఇల్లు కాసేపు ఒక్కచోట నిలవలేదు. జోసెఫ్ చొక్కా మార్చుకోకుండానే బండి తాళం అందుకున్నాడు.

“జిలేబి తెస్త.”

“నిన్న గూడ తెచ్చినవ్” అంది స్వప్న.

“నిన్న శుక్రవారమని తెచ్చిన. ఇయ్యాల కారణముంది గద.”

క్రిస్మస్ ముందు పెళ్లయిన జంట. పెళ్లికి వచ్చిన ఫ్రిజ్ తలుపు మీది ప్లాస్టిక్ కాగితాన్ని స్వప్న ఇంకా పీకనివ్వలేదు. జోసెఫ్ రోజూ నీళ్ల సీసా కోసం వచ్చినట్టే వచ్చి ఒక మూల కొంచెం గోకి పోతుంటాడు. ఆ మూల ఇప్పుడు అరచేతంత లేచింది. స్వప్న చూసీ చూడనట్టు ఊరుకుంటుంది. దానియేలు ఈ ఇంట్లో పడుకున్న ఇన్నాళ్లలో కళ్లు తెరిచి చూడబుద్ధయినవి అట్లాంటివే.

కానీ ఇప్పుడు అతను వాటిని చూడటం లేదు. మెల్లగా కిందికి జారి, గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

సారమ్మ చేతులు తుడుచుకుంటూ వచ్చి మంచం పక్కన నిలబడింది.

“ఏందయ్యా, ఎద్దు లేస్తే నువ్వు పండుకుంటున్నవ్?”

“అలసటగ ఉంది.”

“మంచం దిగకుంటనే?”

నిజంగానే అలసటగా ఉంది. అది ఈ వారం పదిరోజులది కాదు. మీసం రాని రోజుల్లో తండ్రి వెనక నాగలి పట్టినప్పటి నుంచి పోగయిన అలసట. మిగతా తోలేవాళ్లు బరిలో గొంతు చించుకుంటారు, చర్నాకోల గాల్లో టపటపలాడిస్తారు. దానియేలు గొంతు ఎత్తడు. ఎద్దు చెవి దగ్గరకు వంగి, ఇంట్లో మనిషిని పిలిచినట్టు ‘పా నాయినా, పా’ అంటాడు. అంతే, బండ కదులుతుంది. ఆ ఒక్క పిలుపుతో కోదాడ గెలిచాడు, హుజూర్‌నగర్ గెలిచాడు, కృష్ణ దాటి పోయి అక్కడా గెలిచాడు. మైకులో మాత్రం ప్రభాకర్ రెడ్డి గారి జత అనే చెప్తారు, కప్పు కూడా ఆయన ఇంటి అల్మారాలోకే పోతుంది. దానియేలుకు అందులో కష్టమేమీ తోచలేదు ఏనాడూ. ఎద్దులకు తను తెలుసు, తనకు ఎద్దులు తెలుసు. కాకపోతే ఒక్కో ఊరు ఒంట్లో ఒక్కో చోట మిగిలిపోయింది. వాన ముసురు పడితే భుజం గరిడేపల్లిని గుర్తుచేస్తుంది. మెట్లెక్కితే మోకాలు చివ్వెంలను గుర్తుచేస్తుంది. ఈ మోకాలు సంగతి ఎవరికీ తెలియదు.

ఇంతకాలం సోముడు లేవాలని అందరూ ప్రార్థన చేశారు. దానియేలు కూడా కళ్లు మూసుకున్నాడు. ఏమని అడిగాడో అతనికే తెలుసు.

మధ్యాహ్నం ఎండ వాలుతుండగా ఇంటి ముందు కారు ఆగింది. ప్రభాకర్ రెడ్డి ఒక్కడే దిగాడు. కోదాడ దగ్గర పొలాలు, మిర్యాలగూడలో బియ్యం వ్యాపారం, మనిషి ఎప్పుడూ తెల్లచొక్కా నలగకుండా ఉంటాడు. ఇవాళ చొక్కా నలిగి ఉంది, మోచేతి దగ్గర పేడ మరక కూడా ఉంది.

జోసెఫ్ ప్లాస్టిక్ కుర్చీ తుడిచి వేశాడు. “కూసోండ్రి సార్. బజ్జీలు వేడిగున్నయ్. జిలేబి గూడ ఉంది.”

“ఇప్పుడే తిని వచ్చా బాబూ.”

“చాయ్ అన్న తాగుండ్రి.”

“తాగే వచ్చా.”

సారమ్మ పొయ్యి దగ్గర నుంచి ఒకసారి చూసి, మూకుడు దించేసింది. ఇన్నేళ్లలో పటేలు వాళ్ల చేతి చాయ్ ముట్టింది లేదు, ఎప్పుడూ తాగే వచ్చి ఉంటాడు. ఊళ్లోనయితే వాడ మలుపు దాకా వచ్చి కారు హారను కొడతాడు, దానియేలే బయటికి పోతాడు. ఇవాళ గుమ్మం దాటి లోపలికి వచ్చాడంటే అవసరం చిన్నది కాదు.

“ఎట్లా ఉంది దానియేలూ?”

“ఉన్న పటేలా.”

“మనవాడు లేచాడు.”

“ఇన్న.”

“లేచాడు గానీ గడ్డి ముట్టడం లేదు. ఇంకో తోలేవాణ్ణి, ఆ వెంకన్నను పిలిపించా, తాడు పట్టి నాలుగడుగులు నడిపిద్దామని. అడుగు తీసి అడుగు వేయలా. గుమ్మం వైపు చూడటం, నిలబడటం.”

“ఆగితే తింటడు. నొప్పి ఉంటది గద.”

“నేను ఆగుతానయ్యా, ఊరు ఆగదు.” ప్రభాకర్ రెడ్డి కుర్చీలో వెనక్కి వాలబోయి, అది వంగుతుందేమోనని మానుకున్నాడు. “పడ్డ ఎద్దు అంటున్నారు. బరిలో కాలు తప్పి ఒకసారి పడ్డవాడు మళ్లీ మలుపు చూస్తే వణుకుతాడు, జతలో రెండోదాన్ని కూడా చెడగొడతాడు అంటున్నారు. మా ఇంటావిడ ఆండాళుదీ అదే మాట. ఉగాదికి కోదాడలో పోటీలు. అప్పటికి వాడి భుజం కుదురుకుంటుందని పశువుల డాక్టరు ఇప్పుడంటున్నాడు. నువ్వొచ్చి తోలతానంటే వాణ్ణి ఉంచుతా. లేకపోతే... సోమవారం బేరగాడు లారీ తెస్తానన్నాడు.”

లారీ దగ్గరకు వచ్చేసరికి ఆయన గొంతు తగ్గింది. ఆ లారీ ఎక్కడికి పోతుందని ఎవరూ అడగలేదు. హైవే మీద అట్లాంటి లారీలు చూడనివాళ్లు సూర్యాపేటలో లేరు.

సారమ్మ కొంగు నడుముకు దోపుకుంటూ ముందుకొచ్చింది.

“ఎద్దు మీది పటేలా, మీ ఇష్టం. ఈయన మాత్రం దిగడు. సంఘం ముంగట లేసి నిలబడి మాట ఇచ్చిండు.”

“తెలుసు సారమ్మా. తెలిసే వచ్చా. దిగమని చెప్పడానికి రాలేదు, బతిమాలడానికి వచ్చా.”

“మీరు బతిమాలితే అది హుకుం కంటె బరువుంటది పటేలా. మేమెట్ల మోస్తం?”

“నాయిన బొక్కలు ఇంక అతకనే లే” అంది స్వప్న. “ఉగాదికి కాదు, దసరాకు గూడ పంపం.”

జోసెఫ్ బజ్జీల పళ్లెం ఎత్తి, ఎవరి ముందు పెట్టాలో తెలియక, మళ్లీ ఉన్నచోటే పెట్టాడు.

“ఆ ఎద్దు పడ్డందుకే గద ఈయన బొక్కలిరిగినయ్” అంది సారమ్మ. “అది లేసిందంటే సంతోషపడ్డ. దేవుని జీవమే గద. అంతకంటె ఇంకేం చెయ్యమంటరు మమ్మల్ని? ఆ ఎద్దు కాలు సక్కగ పెట్టుంటే...”

“సారా.”

దానియేలు గోడ వైపు నుంచి ఇటు తిరిగాడు. లేచి కూర్చోవడానికి మంచం పట్టె పట్టుకున్నాడు. స్వప్న పట్టుకోబోతే వద్దన్నాడు. కూర్చున్నాక కాసేపు ఊపిరి పీల్చుకున్నాడు.

“సోముడు పడ్డ ఎద్దు కాదు.”

“నేను కళ్లారా చూశా దానియేలూ. పడ్డాడు.”

“మీరు సూసింది దుమ్ము పటేలా.”

“నవీన్ వీడియోలో...”

“అండ్ల గూడ దుమ్మే.”

అతను మాటలను ఒక్కొక్కటీ బరువు మోసినట్టు మోసి కింద పెడుతున్నాడు.

“మలుపు కాడ నేను ముంగటికి ఉరికిన, జతను మలపనీకె. మోకాలు పట్టు తప్పింది. బోర్ల పడ్డ. ఎనుక బండ ఊపు మీదుంది. ఎడమదిక్కు మల్లడు ఆగలే, వానికి నేను కనపడలే. సోమునికి కనపడ్డ. నా ఈపు మీద పడాల్సిన అడుగు వాడు ఎయ్యలే. ఎత్తిన కాలు ఎక్కడ పెట్టాల్నో తెల్వక మెడ పక్కకు కొట్టిండు, కాడిని తిప్పిండు, భుజం మీద ఒరిగిండు. కాడి మొన నా పక్కబొక్కలకు తగిలింది గంతే. వాడు కాలు తప్పలే పటేలా. కాలు తప్పింది నేను.”

బయట ఎవరో కూరగాయల బండి తోసుకుంటూ “టమాటే, టమాటే” అని పోతున్నాడు.

ముందు మాట్లాడింది సారమ్మ. గొంతు చిన్నగా వచ్చింది.

“మరి చర్చిల ఏం చెప్పినవ్? దేవుడు లేపిండంటివి.”

“దేవుడే లేపిండు. ఎట్ల లేపిండో చెప్పలే.”

“ఎందుకు?”

“చెప్పాల్నంటే మోకాలు సంగతి చెప్పాలె. దానియేలు పని ఖతం అంటరు. బరిల బోర్లపడ్డడు అంటరు. ఎద్దు పడ్డదంటే ఇంత మర్యాదన్న ఉంటది అనుకున్న.” అతను అరచేతులు చూసుకున్నాడు. తాళ్ల ఒరిపిడికి గట్టిపడిన చేతులు. “లేవదన్నరు గద దాన్ని. సచ్చేదాని మీద పెడితే ఎవరికేం నష్టం అనుకున్న. నా పిలుపు ఇంటే లేసి నిలబడ్డదంట, సారా. నా కోసమే గుమ్మం దిక్కు సూస్తున్నదంట.”

స్వప్న తండ్రి పక్కన కూర్చుని భుజం మీద తల ఆనించింది. సారమ్మ మాత్రం కదలలేదు. ఆమె ముఖంలో కోపం వచ్చింది, పోయింది, మళ్లీ వచ్చింది. ఎవరి మీదో తేల్చుకోలేనట్టు.

ప్రభాకర్ రెడ్డి కుర్చీ అంచుకు జరిగాడు. ఆయన కళ్లలోకి ఏదో వెలుగు వచ్చింది, వచ్చినందుకు సిగ్గుపడినట్టు తల దించుకున్నాడు.

“అంటే వాడు భయపడ్డ ఎద్దు కాదన్నమాట. మంచిదే కదా. కానీ దానియేలూ, నిన్ను తొక్కకుండా తను పడ్డాడంటే, వాడు ఇంకొకరి మాట వింటాడా? వెంకన్నకు అడుగే వేయలా. నువ్వు లేకుండా కాడి కింద మెడ పెట్టడు. బండ లాగని గిత్తను కట్టేసి మేపే ఓపిక నాకూ లేదయ్యా. నాకూ అలుపొస్తోంది. నవీన్‌కు ఇవన్నీ ఫోన్లో చూసుకునే సరదా, అంతే. ఇప్పటికీ నా మాట అదే. నువ్వొస్తే ఉంటాడు. లేకపోతే సోమవారం.”

దానియేలు కళ్లు మూసుకున్నాడు. పోతానంటే సంఘానికిచ్చిన మాట పోతుంది, పెళ్లాం నమ్మకం పోతుంది, బహుశా ప్రాణమూ పోతుంది. పోనంటే సోముడు లారీ ఎక్కుతాడు. మెడ తాడు పట్టి ఎక్కించేవాడు కూడా ఆ పిలుపే ఫోన్లో వినిపిస్తాడేమో. పా నాయినా, పా. రెండింటిలో ఏదో ఒకటి ఎవరైనా తన బదులు చెప్పేస్తే బాగుండునని, ఇంత వయసొచ్చి, చిన్నపిల్లాడిలా అనుకున్నాడు.

“మాట ఇచ్చింది ఎవరికి?” అంది సారమ్మ.

ఆమె మంచం దగ్గరికొచ్చి దానియేలు ముందు నిలబడింది.

“అడుగుతున్న. నాకు ఇచ్చినవా? పటేలుకు ఇచ్చినవా? సంఘానికి ఇచ్చినవ్. అది గూడ సగం సాక్ష్యం చెప్పి ఇచ్చినవ్. ఇగ దాన్ని ఉంచుడా, తెంపుడా అనేది నువ్వు ఒక్కనివి అనుకునేది కాదు. నేను గూడ కాదు.” ఆమె ప్రభాకర్ రెడ్డి వైపు తిరిగింది. “రేపు ఆదివారం పటేలా. పొద్దుగాలనే మేం ఊరికి పోతం. ఈయన లేసి నిలబడి మిగిలిన సగం చెప్తడు. మోకాలు సంగతి, ఎద్దు సంగతి, అన్ని. నలుగురు నవ్వితే నవ్వనీ.”

“సారా...”

“నువ్వు ఊకో. ఆ తర్వాత లేసేది మీరు పటేలా.”

“నేనా?”

“ఎద్దు మీది. కోదాడ పందెం మీది. అవసరం మీది. ఈయనను మాట నుంచి ఇడిపియ్యమని అడిగేది ఈయనెట్లయితడు? మీరే రావాలె. మలుపు కాడ హారను కొట్టుడు కాదు. వాడ లోపలికి రావాలె, మా చర్చిల మాతోని కూసోవాలె, మా పెద్దమనుషుల ముంగట లేసి అడగాలె. సరే అంటే ఈయన మీ ఎంబడి వస్తడు, నేను అడ్డం రాను. కాదంటే, కాదు. అప్పుడు మీ లారీ, మీ ఇష్టం.”

స్వప్న నోరు తెరిచి తల్లిని చూస్తోంది. జోసెఫ్ చేతిలో బజ్జీ చల్లారిపోతోంది. దానియేలు అయితే పటేలు ముఖం చూడలేక ఆయన పాదాల వైపు చూశాడు. ఎన్నో పందేల్లో గట్టు మీద నిలబడి ఉండగా చూసిన పాదాలు అవి. ఎప్పుడూ వాడ మట్టి తొక్కినవి కావు.

ప్రభాకర్ రెడ్డి చాలాసేపు కారు తాళాలు వేళ్ల మధ్య తిప్పాడు. ఆయన కోప్పడతాడని అందరూ చూశారు. ఆయన అడిగింది వేరే.

“మీ చర్చిలో కుర్చీలుంటాయా సారమ్మా?”

“పాస్టరయ్యకు ఒకటుంటది. మిగతోళ్లందరికి సాపలే.”

ఆయన తల ఊపాడో లేదో తెలియలేదు. లేచి గుమ్మం దాకా నడిచి, వంగి చెప్పుల్లో కాళ్లు పెట్టుకుంటున్నాడు. వస్తానని అనలేదు, రానని కూడా అనలేదు. ఆయన రావాలని కోరుకోవాలో, రాకూడదని కోరుకోవాలో దానియేలుకు అంతుపట్టలేదు.

సారమ్మ గుమ్మం దాకా పోయి, మెట్టు మీద నిలబడి చెప్పింది.

“తొమ్మిదిన్నరకు గంట కొడతరు పటేలా. మొదటి పాట కాంగనే సాక్ష్యాలు. ఈయన తర్వాత పేరు మీదే చెప్పి ఉంచుత.”